మా అత్త వేసిన ముసలితనం

మొన్న ఎండాకాలంలో చీరాలలో మా దూరపు బంధువుల పెళ్లికి వెళ్లాను. పెళ్లికూతురి గదిలో ఏసీ ఉందంటే ఆ మూల కుర్చీలో చేరగిలబడ్డాను. వయసు మళ్లినవాళ్లకి పెళ్లిళ్లలో దొరికే సుఖం అదొక్కటే, ఎక్కడ కూర్చున్నా ఎవరూ లేవమనరు. పెళ్లికూతురికి ముస్తాబు చేస్తున్న పిల్లకి పాతికేళ్లు ఉంటాయేమో. చక్రాల పెట్టె తెరిచి, కుంచెలన్నీ తువ్వాలు మీద పరిచి, పెళ్లికూతురి గడ్డం పట్టుకుని ముఖాన్ని వెలుతురు వైపు తిప్పి చూస్తోంది. "ఎక్కడ నేర్చుకున్నావమ్మా?" అన్నాను. "హైదరాబాదులో ఆంటీ. సినిమాలకి కూడా చేస్తాను. నాకు మేకప్ కార్డుంది" అంది, ఇంట్లో రేషన్ కార్డుంది అన్నంత మామూలుగా. నేను సంతోషించాల్సిన మాట. కానీ నాకు ఒళ్లు మండిపోయింది. ఆ పిల్ల మీద కాదు, పాపం, ఆ పిల్ల బంగారంలా పనిచేస్తోంది. ఆ ఒక్క కార్డు కోసం మా మేనత్త పడిన అవమానం గుర్తొచ్చింది. ఇన్నేళ్లలో ఆ కోపం చల్లారిపోయి ఉంటుందని అనుకున్నాను గానీ, చల్లారలేదు.

మా మేనత్త అంటే మా నాన్నకి ఒక్కగానొక్క చెల్లెలు. మాది చీరాల దగ్గర నేతవాళ్ల వీధి. తెల్లారేసరికి వీధి పొడుగునా పడుగు దారాలు సాగదీసి గంజి పట్టిస్తుంటే, బడికి వెళ్లే పిల్లలం వాటి కింద నుంచి వంగి నడిచేవాళ్లం. అలాంటి వీధిలో పుట్టి, అదే వీధిలో నాలుగిళ్ల అవతలికి కోడలిగా వెళ్లిన ఆడమనిషి నాటకాల్లో వేషాలు వేసేదంటే ఊరు ఊరుకుంటుందా? ముఖానికి రంగేసుకునే మనిషని పెళ్లిళ్లలో మా బంధువులు ఆవిడ పక్కన విస్తరి వేసుకోవడానికి కూడా వెనకాడేవాళ్లు. అలా వెనకాడినవాళ్లే పర్చూరులోనో దర్శిలోనో నాటకమంటే బండి కట్టించుకుని వెళ్లి ముందు వరసలో కూర్చునేవాళ్లు. మా మామయ్య మాటకారి కాదు. నోరు పడేసుకునేవాళ్లకి ఆయన దగ్గర ఒకటే జవాబు ఉండేది. "దాని ఇష్టం అది చేసుకుంటోంది. అందువల్ల మీ మగ్గం గానీ ఆగిందా?"

అత్త మేకప్‌లోకి దిగింది పోట్లాటతోనే. నాటక సమాజం వాళ్లు కుదుర్చుకొచ్చిన మేకప్ మనిషి రాజుకీ బంటుకీ, తల్లికీ కూతురికీ ఒకటే గులాబీ రంగు పులిమేవాడట. "కడుపు నిండా తిన్న రాజు ముఖమూ, పొద్దస్తమానం ఎండలో నిలబడే బంటు ముఖమూ ఒకటేనా?" అని తగువు పెట్టుకుని, తన ముఖానికి తనే రంగు కలుపుకుందట. ఆ తర్వాత ఒక్కొక్కరే వచ్చి తన ముందు కూర్చున్నారు. నేను ఎరిగేనాటికి ఆ చుట్టుపక్కల ఏ నాటకం కట్టినా, అత్త ముందు అందరి ముఖాలూ పూర్తిచేసి, చివర్న తన ముఖం దిద్దుకుని, ఆ చేతులు కడుక్కుని స్టేజీ ఎక్కేది. అణకువ అనేది మాత్రం ఆవిడ ఛాయలకే రాలేదు. "నా అంత దాన్ని ఒక్కదాన్ని చూపించండి, మానేస్తాను" అనేది, ఎవరూ మానమని అడక్కపోయినా.

ఆవిడ ముసలి వేషం వేసే పద్ధతి మా వీధిలో తప్ప ఇంకెక్కడా పుట్టదు. పడుగుకి పట్టించే గంజినే పల్చగా కాచి, పాత పంచెలో వడకట్టి, దాన్లో కాస్త తుమ్మ జిగురు కలిపేది. ఎదుటి మనిషి చర్మాన్ని రెండు వేళ్లతో సాగదీసి, దాని మీద ఊదితే ఎగిరిపోయేంత పల్చటి దూది పొర పరిచి, గంజి అద్ది, విసనకర్రతో ఆరబెట్టేది. ఆరాక వేళ్లు వదిలేసి "ఇప్పుడు నవ్వు" అనేది. అప్పటిదాకా నున్నగా ఉన్న బుగ్గ ఒక్కసారి ముడతలు పడిపోయేది. అయితే గంజి ముట్టుకునే ముందు ఆ పాత్ర సంగతి అడిగేది. ఈ ముసలమ్మ బతుకంతా ఏడ్చిందా, నవ్విందా, కోడళ్లని తిట్టిందా? తిట్టేవాళ్లకి నోటి చుట్టూ, నవ్వేవాళ్లకి కళ్ల పక్కన, బాధ దిగమింగుకునేవాళ్లకి గొంతు మీదా ముసలితనం ముందు వస్తుందని ఆవిడ సిద్ధాంతం. ఆ సంగతి ముందు తను నటించి చూసుకునేది, తర్వాత ఎదుటివాళ్ల ముఖం మీద వేసేది. ఆవిడకి నటనా, మేకప్పూ రెండు పనులు కావు.

నేను డిగ్రీ చదువుతున్న రోజుల్లో, అంటే ఎనభైల్లో, మద్రాసు నుంచి ఒక సినిమా కంపెనీ మా వైపుకి షూటింగుకి వచ్చింది. కథంతా ఒక మిరప రైతు ఇంట్లో. పర్చూరు అవతల ఒక ఆసామి కల్లం అద్దెకి తీసుకున్నారు. ఎర్రగా పరిచిన మిరపకాయల మధ్య కెమెరా పెట్టుకుని అందరూ తుమ్ముకుంటూ ఉండేవాళ్లు. పక్కింటి ముసలమ్మ వేషానికి నాటకాలు ఆడే మనిషి కావాలంటే ఎవరో మా అత్త పేరు చెప్పారు. అప్పటికి అత్తకి నలభై కూడా నిండలేదు. ఇంటి దగ్గరే వేషం వేసుకుని, కర్ర పట్టుకుని, నన్ను తోడు తీసుకుని కల్లానికి వెళ్లింది. డైరెక్టరు దూరం నుంచి చూసి కంగారుపడిపోయాడు. "ఎవరయ్యా, ఆ మామ్మగారిని ఎండలో నిలబెట్టారు? కుర్చీ వెయ్యండి, మజ్జిగ ఇవ్వండి" అని కేకలేశాడు. అత్త తాపీగా కుర్చీలో కూర్చుని, మజ్జిగ తాగి, అప్పుడు నడుము నిటారుగా చేసి లేచి నమస్కారం పెట్టింది. ఆయన నోరు తెరిచేశాడు.

ఆ సినిమాలో హీరోయిన్‌కి పడుచు వేషమూ ముసలి వేషమూ రెండూ ఉన్నాయి. మద్రాసు నుంచి వచ్చిన మేకప్ మాస్టారు ఆవిడ ముఖానికి రబ్బరు లాంటిదేదో అంటించేవాడు. మా ఎండకీ, ఆ మిరప ఘాటుకి కారే కన్నీళ్లకీ అది గంటలో ఊడొచ్చేది. ఆవిడ బుగ్గలు కందిపోయి ఉన్నాయి. హీరోయిన్ మా అత్త దగ్గరికి వచ్చి ముఖాన్ని చూసి, వేలితో తాకి, "రేపు నాకు మీరే వెయ్యండి" అంది. మర్నాడు అత్త వేసింది. కల్లంలో మిరపకాయలు ఏరుకునే ఆడకూలీలు ఆ ముఖం చూసి తమ ఊరి ముసలమ్మే అనుకుని పలకరించారు. డైరెక్టరు ఆనందం పట్టలేకపోయాడు. ఇక హీరోయిన్‌కి ముసలి వేషం వెయ్యడమంతా అత్త పనేనని అక్కడికక్కడే తేల్చేశాడు.

మేకప్ మాస్టారు చెడ్డవాడు కాదు. రబ్బరు బాధ తప్పినందుకు లోపల సంతోషించే ఉంటాడు. కానీ అత్తని పక్కకి పిలిచి మెల్లగా చెప్పాడు. "నాకేం అభ్యంతరం లేదమ్మా. కానీ ఇది బయటికి పొక్కకూడదు. మద్రాసులో మా మేకప్ వాళ్ల సంఘం ఉంది. కార్డున్నవాళ్లే ముఖం ముట్టుకోవాలి. ఆడవాళ్లకి ఆ కార్డివ్వరు. జడలేసే కార్డు మాత్రం ఇస్తారు." అత్త మొదట వేళాకోళమనుకుంది. తర్వాత నవ్వింది. తర్వాత అడిగింది, "ఆడవాళ్లకి ఎందుకివ్వరండీ?" ఆయన రూలు అన్నాడు. అందుకని కల్లం పక్క గోడౌన్‌లో గోనె పరదా కట్టి, లోపల అత్త వేషం వేసేటట్టూ, గుమ్మంలో మాస్టారు చేతిలో పఫ్ పట్టుకుని నిలబడేటట్టూ ఏర్పాటు చేశారు. ఇంట్లో వంట చేసే మనిషిని దొంగలా పెరట్లోంచి రమ్మన్నట్టు ఉంది ఆ ఏర్పాటు. చదువుకున్నవాళ్లు, పెద్ద పెద్ద డైలాగులు రాసేవాళ్లు, అక్కడ అంతమంది ఉండి ఇదేం పద్ధతని ఒక్కరు అడగలేదు.

అత్త మాత్రం ఒప్పుకుంది, ఎందుకంటే డైరెక్టరు ఒక మాట ఇచ్చాడు. ఈ సినిమా పూర్తయ్యాక తనే మద్రాసులో మాట్లాడి, ఆవిడ పనితనం చూపించి, కార్డు ఇప్పించే ప్రయత్నం చేస్తానన్నాడు. అప్పటికే మా వైపు నాటకాలు పలచబడుతున్నాయి. తిరణాళ్లలో నాటకం బదులు వీడియో వేయించుకుంటున్నారు. కార్డొస్తే సినిమాల్లో వేషాలూ వెయ్యొచ్చు, మేకప్పూ చెయ్యొచ్చు. లేకపోతే ఇంట్లో కూర్చోవడమే. ఇంట్లో కూర్చోవడమంటే ఆవిడకి ప్రాణసంకటం. ఆ నెలలో అత్త చీరాల బజారులో ఒక రేకు పెట్టె కొని, మూత మీద పేరు రాయించింది. మా మామయ్య ఆ పెట్టెలో అరలు చేసిచ్చాడు. ఆవిడని అంత సంతోషంగా నేను ముందూ చూడలేదు, తర్వాతా చూడలేదు.

ఇక్కడ మా నాన్న సంగతి చెప్పాలి. ఆయన చీరల వ్యాపారం చేసేవాడు గానీ, ఆయన మనసంతా సన్మానాల మీద ఉండేది. ఎవరికి ఏ చిన్న గౌరవం దక్కినా పందిరి వేయించి, మైకు తెప్పించి, శాలువా కప్పాలి. పోస్టుమాన్‌కి బదిలీ అయితే కూడా సభ పెట్టిన మనిషి. అత్త హీరోయిన్‌కి వేషం వేస్తోందని మా వీధిలో అందరికీ తెలుసు. అది నేరమని మాత్రం ఎవరికీ తెలియదు. ఎలా తెలుస్తుంది? ఒక ఆడది ఇంకో ఆడదాని ముఖానికి గంజి రాస్తే నేరమవుతుందని బుద్ధున్నవాళ్లు ఎవరైనా అనుకుంటారా? మా నాన్నకి చెబితే మైకులో చెప్పినట్టేనని అత్త ఆయనకి అసలు సంగతి చెప్పలేదు. చెప్పకపోవడమే కొంప ముంచింది. మద్రాసు నుంచి మేకప్ సంఘం పెద్దాయన షూటింగు చూడ్డానికి వస్తున్నాడని నాన్న చెవిన పడింది. ఇంకేం, మేకప్‌కి సంబంధించిన పెద్దమనిషి ఊళ్లోకి వస్తుంటే, మేకప్‌లో దిట్ట మన చెల్లెలు ఉంటే, ఆయన్ని ముఖ్య అతిథిగా పిలవకుండా ఎలా ఉంటాం? ఆయన దిగిన లాడ్జికి స్వయంగా వెళ్లి, అరటిపళ్లు చేతిలో పెట్టి, కారణం చెప్పకుండా "మా నేతవాళ్ల వీధి ఆహ్వానం, కాదనకూడదు" అని ఒప్పించి వచ్చాడు.

సాయంత్రం వీధి మొగలో పందిరి. మగ్గాలన్నీ ఆపేసి జనం వచ్చారు. అత్త షూటింగు నుంచి నేరుగా వచ్చింది, ఏదో నటనకి సన్మానం అనుకుంటూ. వేదిక మీద కూర్చున్న మనిషి ఎవరో మైకులో వినగానే ఆవిడ నా చెయ్యి పట్టుకుని ఆగిపోయింది. నాన్నని ఆపడానికి వెళ్లబోయేలోపే ఆయన మైకు అందుకున్నాడు. "మద్రాసు మాస్టర్ల వల్ల కాని పని మా చెల్లెలు మా గంజితో చేసిందండీ! హీరోయిన్ గారి ముసలి వేషం మొత్తం మా చెల్లెలి చేతిదేనండీ!" వీధి వీధంతా చప్పట్లు. సంఘం పెద్దాయన చిరునవ్వు చెదరకుండా విన్నాడు. లేచి, మా వాళ్లు నేసిన పట్టంచు కండువా తన చేతులతో అత్త భుజాల మీద కప్పాడు. ఆడది తలుచుకుంటే సాధించలేనిది లేదని, ఇలాంటి మహిళలు దేశానికి వెలుగని మాట్లాడాడు. నాన్న కళ్లు తుడుచుకున్నాడు. అత్త ఏమైనా మాట్లాడుతుందేమోనని మైకు చేతికిస్తే వద్దని తల ఊపింది.

మర్నాడు పొద్దున మేం కల్లానికి వెళ్లేసరికి కెమెరా మీద గుడ్డ కప్పి ఉంది. కార్డున్నవాళ్లంతా పని ఆపేసి వేపచెట్టు కింద కూర్చున్నారు. మధ్యలో కుర్చీలో రాత్రి ముఖ్య అతిథి. "నిన్న మీరు చేసిన మర్యాద మర్చిపోనమ్మా. కానీ రూలు రూలే" అన్నాడు. 

"నిన్న కండువా కప్పింది ఈ చేతులు చేసిన పనికేగా?" అంది అత్త.

"అది కళకమ్మా. ఇది వృత్తి."

"ఆడదాని బుగ్గ మీద మగాడు చెయ్యేస్తే రూలా? ఆడది వేస్తే తప్పా? ఎవరు రాశారండీ ఈ రూలు, వాళ్లమ్మని అడిగి రాశారా?"

"మీరంతా ఈ పనిలోకొస్తే మా మగవాళ్లకి పనెక్కడుంటుందమ్మా? మాకూ సంసారాలున్నాయి."

"మరి నాకున్నది సర్కసా?"

ఎవరో కిసుక్కున నవ్వారు. ఆయన నవ్వలేదు. కావాలంటే జడలేసే కార్డు ఇప్పిస్తానని, అది తీసుకుంటే గొడవ ఉండదని బేరం పెట్టాడు. "జడ వెయ్యడానికి కార్డెందుకండీ? మా వీధిలో పాలపళ్లు ఊడని పిల్ల కూడా వేస్తుంది" అని అత్త ఇటు తిరిగిపోయింది. మాట ఇచ్చిన డైరెక్టరు తన చెప్పుల వైపు చూసుకుంటూ నిలబడ్డాడు. హీరోయిన్ ఒక్కతే అత్త వెయ్యకపోతే తను నటించనని మధ్యాహ్నం దాకా మొండికేసింది. ఆ తర్వాత నిర్మాత వచ్చి ఆవిడతో ఏం మాట్లాడాడో గానీ, తల వంచుకుని రబ్బరు ముఖానికి ఒప్పుకుంది. మా నాన్న ఆ పెద్దాయన ముందు చేతులు కట్టుకుని, "నేను పిలవకపోతే మీకు తెలిసేది కాదుగా బాబూ. నా మీద దయ ఉంచండి" అని బతిమాలాడు. మా నాన్న ఎవరినైనా బతిమాలగా నేను చూడటం అదే. ఆ పెద్దాయన ఆయన భుజం తట్టి, మీ ఊరి అరటిపళ్లు బాగున్నాయన్నాడు. ఆ మాట తలుచుకుంటే ఇప్పటికీ నాకు చేతులు ఊరుకోవు.

అవమానం అంతటితో అయిపోయినా బాగుండేది. అత్త వేషానికి ఇంకొక్క సీను మిగిలింది. ఎప్పటిలాగే ఇంటి దగ్గర ముఖం దిద్దుకుని వచ్చింది. కానీ రూలు ప్రకారం అది కూడా తప్పేనట. ఆవిడ ముఖం మీద ఆవిడ చెయ్యి కూడా చెల్లదట! మేకప్ మాస్టారు పఫ్ పట్టుకుని ఇబ్బందిగా వచ్చాడు. "ఊరికే ఒక్కసారి తగిలిస్తానమ్మా. నేను వేసినట్టు లెక్క" అన్నాడు. అత్త కల్లంలో కూలీలు తాగే నీళ్ల తొట్టి దగ్గరికి వెళ్లి, అందరూ చూస్తుండగా దూదీ గంజీ అంతా కడిగేసుకుని, పైట కొంగుతో తుడుచుకుని, ఎర్రగా కందిన నలభై నిండని ముఖంతో కెమెరా ముందుకొచ్చి నిలబడింది. "ఇప్పుడు ఎవరూ వెయ్యలేదు. తీసుకోండి" అంది. పడుచు ముఖంతో ముసలమ్మ డైలాగు ఎలా తీస్తారు? దూరం నుంచి, వెనక వైపు నుంచి తీశారు.

సినిమా చీరాల వచ్చిన రోజు వీధంతా వెళ్లాం. హీరోయిన్ వేసిన ఒకే ముసలమ్మకి రెండు ముసలితనాలు. సగం సీన్లలో మా అమ్మమ్మలా ఉంది, సగం సీన్లలో వేయించిన అప్పడంలా ఉంది. అప్పడం వచ్చినప్పుడల్లా నేల టిక్కెట్టు జనం ఈలలేశారు. పేర్లు పడేటప్పుడు నాన్న ముందుకి వంగి ఒక్కొక్క పేరూ పైకి చదివాడు. మేకప్ దగ్గర మాస్టారి పేరే ఉంది. నటీనటుల్లో కూడా అత్త పేరు లేదు. ఇంటికొచ్చాక నాన్న అన్నం ముట్టలేదు. "నా నోటి దూల వల్ల నీ బతుకు పాడైందమ్మాయ్" అన్నాడు. అత్త కంచం ఆయన ముందుకి తోసింది. "నా పని నాదని నలుగురిలో చెప్పింది నువ్వొక్కడివే అన్నయ్యా. దానికి నిన్ను తిట్టనా? తిను" అంది. ఆ మాటకి నాన్న ఏడ్చాడు. నేనూ ఏడ్చాను. అత్త ఏడవలేదు, ఇంకో గరిటె పప్పు వడ్డించింది.

తర్వాత డైరెక్టరు కబురేమీ పంపలేదు. నాటకాలు ఆవిడ భయపడినట్టే పోయాయి. ఇంకొన్నాళ్లు బళ్లలో వార్షికోత్సవాలకి పిల్లలకి మీసాలు దిద్దింది. రేకు పెట్టెలో మామయ్య నూలు కండెలు పెట్టుకున్నాడు.

చాలా ఏళ్ల తర్వాత పేపర్లో చదివాను, ఆడవాళ్లకి మేకప్ కార్డు ఇవ్వకపోవడం చెల్లదని కోర్టు చెప్పిందని. పేపరు పట్టుకుని అత్త దగ్గరికి పరుగెత్తాను. అప్పటికి ఆవిడ మనవలు పెళ్లీడుకొచ్చారు. అంతా విని, "ఎవరు పోట్లాడారంట?" అంది. ఎవరో అమ్మాయి కోర్టుకెక్కిందని చెప్పాను. "వాళ్లని నాలుగు తిట్టిందా?" అంది. "కోర్టులో తిట్టరత్తా" అన్నాను. "అయితే సగం పనే అయింది" అంది. 

నేను కాఫీ కలిపి ఇచ్చాను. గ్లాసు అందుకోబోతే ఆవిడ వేళ్లు వణికి కాఫీ చీర మీద ఒలికింది. రెండో చెయ్యి ఆసరా ఇచ్చినా వణుకు ఆగలేదు. గ్లాసు కింద పెట్టేసి, ఆ చేతులు రెండూ నా ముందుకి చాపింది. "ఇదిగో, ఇప్పుడిమ్మను కార్డు" అంది.

ఆ చేతులు నా చేతుల్లోకి తీసుకున్నాను. ఆ సంఘానికి తీరిక ఉంది, కోర్టుకి తీరిక ఉంది, ఒక్కో వాయిదా వేసుకుంటూ ఎన్నేళ్లయినా కూర్చోగలిగాయి. అత్త చేతుల్లోని సత్తువని తీసుకుపోవడానికి కాలం మాత్రం ఒక్క వాయిదా కూడా వెయ్యలేదు.